ఎక్స్‌పీని ఎందుకు పారేయలేకపోయాం

2014 ఏప్రిల్ 8న మైక్రోసాఫ్ట్ విండోస్ ఎక్స్‌పీకి నీళ్ళొదిలేసింది. ఆ రోజుతో మామూలు జనానికి అప్‌డేట్లు ఆగిపోయాయి. ఇక ఏ కొత్త లోపం బయటపడినా ఎవరి కంప్యూటర్‌కి వాళ్ళే దిక్కు. 2001 అక్టోబర్‌లో వచ్చిన సరుకు పన్నెండేళ్ళకు పైనే నడిచింది కదా, పోతే పోయిందని లోకం సర్దుకుపోవాల్సింది. సర్దుకోలేదు. బ్రిటన్ ప్రభుత్వం ఇంకో ఏడాది సపోర్ట్ కోసం 55 లక్షల పౌండ్లు కట్టింది. 2015లో అమెరికా నావికాదళం ఎక్స్‌పీ, ఇంకొన్ని పాత మైక్రోసాఫ్ట్ ప్రొడక్టుల మరమ్మతు కోసం 91 లక్షల డాలర్ల ఒప్పందం చేసుకుంది. మన రిజర్వ్ బ్యాంక్ 2018 జూన్‌లో బ్యాంకులన్నిటికీ ఒక గడువు పెట్టింది: సెప్టెంబర్‌కి పావు వంతు, డిసెంబర్‌కి సగం, 2019 జూన్ కల్లా మొత్తం ఏటీఎంలని ఎక్స్‌పీ నుంచి తప్పించండి అని. అంటే మైక్రోసాఫ్ట్ చేతులు దులుపుకున్న నాలుగేళ్ళ తర్వాత కూడా మన డబ్బులు ఎక్స్‌పీ చేతుల మీదుగానే వస్తున్నాయన్నమాట.

ఇది పెద్దవాళ్ళ సంగతి. వాళ్ళకి కట్టడానికి డబ్బుంది, గడువు పెట్టేవాళ్ళున్నారు. చిక్కడపల్లిలోనో విజయవాడలోనో ఉండే చిన్న డీటీపీ సెంటర్‌కి ఆ రెండూ లేవు. అక్కడ ఒక మూల, ఇంటర్నెట్ వైరు పీకేసిన ఎక్స్‌పీ మెషిన్ ఒకటి చాలాకాలం బతికింది. కొన్నిచోట్ల ఇంకా బతుకుతోంది. పాత పుస్తకం రీప్రింట్‌కి వచ్చినప్పుడల్లా దాన్ని లేపుతారు.

"అప్‌గ్రేడ్ చేసుకోవచ్చుగా?" అని మన వయసువాళ్ళం అడుగుతాం. న్యాయమైన ప్రశ్నే. కానీ అందులో ఒక ఊహ దాగుంది: కొత్త సిస్టమ్‌లో పాతదాంట్లో ఉన్నవన్నీ ఉంటాయి, ఇంకా ఎక్కువే ఉంటాయి అని. ఫోన్ మార్చినప్పుడు ఫోటోలు వాటంతట అవే కొత్త ఫోన్‌లోకి వచ్చేసిన తరానికి ఈ ఊహ సహజం. ఆ ఊహ ఎప్పుడు నిజమైంది, ఎవరి పుణ్యాన నిజమైంది, తెలుగు విషయంలో ఎందుకు కాలేదు అన్నది చూద్దాం.

అద్దెకున్నవాడి అలవాట్లు

ఏ ప్రోగ్రామ్ అయినా తనంతట తాను చేసే పని తక్కువ. స్క్రీన్ మీద గీత గియ్యాలన్నా, ఫైలు తెరవాలన్నా, ప్రింటర్‌కి పేజీ పంపాలన్నా ఆపరేటింగ్ సిస్టమ్‌ని అడగాల్సిందే. ఏది ఎలా అడగాలో ముందే రాసిపెట్టి ఉంటుంది. కాయితం మీద చూస్తే అద్దె అగ్రిమెంట్‌లాంటిది.

కానీ అద్దెకున్నవాడు అగ్రిమెంట్ చదువుకుంటూ బతకడు. ఏ కుళాయి రెండుసార్లు తిప్పితే వస్తుందో, ఏ గది తలుపు కాస్త ఎత్తి తోస్తే పడుతుందో తెలుసుకుని ఆ ప్రకారం అలవాటు పడతాడు. ప్రోగ్రాములూ అంతే. ఆపరేటింగ్ సిస్టమ్ ఇచ్చిన మాట మీద ఎంత ఆధారపడతాయో, మాట ఇవ్వని లోపాల మీదా అంతే ఆధారపడతాయి. ఓనర్ వచ్చి ఆ కుళాయి బాగుచేస్తే అద్దెవాడి స్నానం ఆగిపోతుంది. సాఫ్ట్‌వేర్ రాసేవాళ్ళకి ఇది నిత్యం కనిపించే విడ్డూరం: ఒక తప్పు దిద్దితే, ఆ తప్పుని నమ్ముకున్నవాళ్ళు వచ్చి నిలదీస్తారు.

దీనికి ప్రసిద్ధమైన ఉదాహరణ సిమ్‌సిటీ అనే గేమ్. విండోస్ 3.x కోసం రాసిన ఆ గేమ్‌లో ఒక లోపం ఉండేది. మెమరీలో కొంత జాగా వాడుకుని, ఇక అక్కర్లేదని తిరిగి ఇచ్చేసి, ఆ వెంటనే మళ్ళీ అదే జాగాలోకి తొంగిచూసేది. అంటే గది ఖాళీ చేశాక, మర్చిపోయిన సామాను కోసం అడక్కుండా లోపలికి పోవడం. పాత విండోస్‌లో ఆ గదిని వెంటనే ఇంకొకరికి ఇచ్చేవాళ్ళు కాదు కాబట్టి గొడవ రాలేదు. విండోస్ 95లో ఇచ్చేశారు. గేమ్ కుప్పకూలింది.

తప్పు గేమ్‌ది. మైక్రోసాఫ్ట్ ఆ మాట చెప్పి ఊరుకోవచ్చు. ఊరుకోలేదు. నడుస్తున్నది సిమ్‌సిటీ అని గుర్తుపడితే, ఖాళీ అయిన మెమరీని వెంటనే వేరేవాళ్ళకి ఇవ్వకుండా కాసేపు ఆపే ప్రత్యేకమైన కోడ్‌ని విండోస్ 95లో పెట్టారు. ఈ కథ ఆ గేమ్ రాసిన జాన్ రాస్ నుంచి జోయెల్ స్పోల్‌స్కీకి చేరి, ఆయన 2004లో రాసిన వ్యాసం ద్వారా లోకానికి తెలిసింది.

మాట నిలబెట్టుకున్న రోజులు

అది ఒక్క గేమ్‌కి దక్కిన మర్యాద కాదు. మైక్రోసాఫ్ట్‌లో దశాబ్దాలు పనిచేసిన రేమండ్ చెన్ తన బ్లాగులో ఇంకో సంగతి రాశాడు. విండోస్ 95 తయారవుతున్న రోజుల్లో ఆ ప్రాజెక్టు మేనేజర్ ఒకరు దగ్గర్లోని సాఫ్ట్‌వేర్ షాపుకి వెళ్ళి, అక్కడున్న ప్రతి ప్రోగ్రామూ ఒక్కో కాపీ కొనేశారట. వాటిని టీమ్‌కి పంచి, ఏది నడవడం లేదో కనిపెట్టమన్నారు.

ఇంకా సరదా అయిన విషయం వెర్షన్ నంబర్. విండోస్ 95 నిజానికి 4.0. కానీ చాలా పాత ప్రోగ్రాములు "వెర్షన్ కనీసం 3.10 ఉందా?" అన్న ప్రశ్నని తప్పుగా అడిగేవి. చుక్కకి ముందు అంకె 3 కన్నా తక్కువ కాదు కదా, చుక్క తర్వాతది 10 కన్నా తక్కువ కాదు కదా అని రెండు అంకెల్నీ విడివిడిగా చూసుకునేవి. 4.0లో చుక్క తర్వాత ఉన్నది సున్నా. అందుకని "ఈ విండోస్ మరీ పాతది, నేను నడవను" అని మొరాయించేవి. పరిష్కారం? పాత ప్రోగ్రాములు అడిగినప్పుడు విండోస్ 95 తన వెర్షన్ 3.95 అని చెప్పుకుంది. విండోస్ 7 లోపల చూస్తే 6.1 అని ఉండటానికీ ఇలాంటి జాగ్రత్తే కారణం. ఎక్స్‌పీలో ఏ ప్రోగ్రామ్ మీదైనా రైట్ క్లిక్ కొట్టి ప్రాపర్టీస్‌లోకి వెళ్తే కంపాటిబిలిటీ అనే ట్యాబ్ కనిపించేది. అందులో "విండోస్ 95" అని ఎంచుకుంటే, ఎక్స్‌పీ ఆ ఒక్క ప్రోగ్రామ్ ముందు విండోస్ 95 వేషం కట్టేది.

ఇదంతా దానధర్మం కాదులెండి. జనం విండోస్ కొనేది విండోస్ కోసం కాదు, దాని మీద నడిచే లెక్కల ప్రోగ్రామ్ కోసం, గేమ్ కోసం. కొత్త విండోస్ వేశాక పాత గేమ్ ఆగిపోతే జనం గేమ్‌ని తిట్టరు, విండోస్‌ని తిడతారు. పాతవాటిని మోసినన్నాళ్ళూ కొత్తది అమ్ముడుపోయింది. లాభం కోసమే అయినా, ఆ మోత మోసింది కంపెనీ జీతాలు తీసుకునే మనుషులు. కంపాటిబిలిటీ అనే మాటలో మనకి కనిపించనిది ఆ చాకిరీయే. అది సిస్టమ్‌కి పుట్టుకతో వచ్చిన గుణం కాదు. ఎవరో ఒకరు కూచుని, ఒక్కో ప్రోగ్రామ్‌నీ నడిపి చూసి, ఒక్కో బొంతా కుట్టాలి.

ఆ లాభం తగ్గినచోట మోత దించేశారు. 64 బిట్ విండోస్ వచ్చినప్పుడు, డాస్ కాలం నాటి 16 బిట్ ప్రోగ్రాముల్ని నడిపే భాగాన్ని అందులో పెట్టలేదు. ఇందులో ఒక చిన్న క్రూరత్వం ఉంది. 90లలో వచ్చిన ప్రోగ్రాముల్లో చాలావాటికి అసలు ప్రోగ్రామ్ 32 బిట్‌దే, దాన్ని ఇన్‌స్టాల్ చేసేది మాత్రం 16 బిట్‌ది. ఇల్లు బాగానే ఉంది, గుమ్మమే పట్టదు. విండోస్ 11కి 32 బిట్ వెర్షన్ అసలు లేదు.

ఆపిల్ దారి మొదటినుంచీ వేరు. పవర్‌పీసీ చిప్‌ల నుంచి ఇంటెల్‌కి మారినప్పుడు, పాత ప్రోగ్రాముల కోసం 2006లో రోసెట్టా అనే అనువాదకుణ్ణి ఇచ్చింది. 2011లో లయన్ వెర్షన్‌తో తీసేసింది. 2019లో కాటలీనాతో 32 బిట్ ప్రోగ్రాములన్నిటికీ సెలవు చెప్పింది. పాత కోడ్‌ని మోస్తూ పోతే సిస్టమ్ బరువెక్కుతుంది, భద్రతకి చిల్లులు పడతాయి అన్నది వాళ్ళ వాదన. అది అబద్ధమేం కాదు. నేనూ ఉద్యోగంలో పాత ఫంక్షన్ల పక్కన "ఇక వాడొద్దు" అని గుర్తు పెట్టేవాణ్ణే. మా టీమ్‌లో ఆ గుర్తు పెట్టిన రోజు అందరికీ కాస్త తేలికగా ఉంటుంది. ఆ బరువు దిగి ఎవరి నెత్తిన పడిందో మాకు కనిపించదు.

రివర్స్‌లో వెతుకులాట

ఇప్పటిదాకా చెప్పింది కొత్త ఇంట్లో పాత అద్దెవాడి కథ. దీనికి తిరగేసిన కథ ఇంకోటుంది: ఇల్లు పాతది, ఓనర్ వదిలేసి పోయాడు, అద్దెకి వచ్చేవాడే లేడు. పాత సిస్టమ్‌కి పనికొచ్చే సాఫ్ట్‌వేర్ వెతకడమంటే ఇదే. ఇక్కడ ఎవరికీ లాభం లేదు కాబట్టి మోసేవాళ్ళూ ఉండరు.

ఎక్స్‌పీలో కొత్త ప్రోగ్రామ్ నడపబోతే చాలాసార్లు "ఇది సరైన విన్32 అప్లికేషన్ కాదు" అన్న పెట్టె వస్తుంది. ఫైలు పాడైందేమో అనుకుంటాం. నిజానికి ప్రతి ప్రోగ్రామ్ ఫైలు మొదట్లోనూ "నాకు కనీసం ఫలానా వెర్షన్ విండోస్ కావాలి" అని ఒక అంకె రాసి ఉంటుంది. 2012లో వచ్చిన విజువల్ స్టూడియో ఆ అంకెని మామూలుగా 6.0 అని, అంటే విస్టా అని, రాయడం మొదలెట్టింది. ఎక్స్‌పీ 5.1. లోపలున్న కోడ్ ఎంత చిన్నదైనా, ఎక్స్‌పీకి చేతకానిది అందులో ఒక్కటీ లేకపోయినా, గుమ్మం దగ్గరే ఆపేస్తుంది. ప్రోగ్రామర్లు గోల పెడితే, ఎక్స్‌పీకి కూడా తయారుచేసే ఏర్పాటు ఆ తర్వాతి అప్‌డేట్‌లో ఇచ్చారు. కానీ దాన్ని ఎవరో పనిగట్టుకుని ఎంచుకోవాలి. ఎంచుకోకపోతే, ఎక్స్‌పీని వద్దనుకుంటున్నామని ఎవరూ అనుకోకుండానే ఎక్స్‌పీ బయటపడిపోతుంది. చాలా ప్రోగ్రాములు అలాగే దూరమయ్యాయి.

అందుకే పాత సిస్టమ్ వాడేవాళ్ళ దగ్గర ఒక విచిత్రమైన పాండిత్యం పోగుపడుతుంది. మనం ఏ సాఫ్ట్‌వేర్‌కైనా సరికొత్త వెర్షన్ ఏదని అడుగుతాం. వాళ్ళు ఆఖరి వెర్షన్ ఏదని అడుగుతారు. ఎక్స్‌పీలో నడిచే ఆఖరి క్రోమ్ 49, 2016 నాటిది. ఆఖరి ఫైర్‌ఫాక్స్ 52 ఈఎస్ఆర్, దానికి 2018 దాకా మరమ్మతులు వచ్చాయి. పీడీఎఫ్‌లకి సుమత్రా 3.1.2. కొందరు మంచివాళ్ళు ఇంకా తలుపు మూయలేదు: వీఎల్‌సీ 3 సిరీస్ ఎక్స్‌పీలో నడుస్తుంది, 7-జిప్ నడుస్తుంది. ఈ అంకెలు ఒక పట్టిక రూపంలో ఎక్కడా అధికారికంగా దొరకవు. ఒక్కొక్కటీ వేసి చూసి, నడవక, ఒక మెట్టు వెనక్కి దిగి మళ్ళీ వేసి తెలుసుకున్నవి.

సరైన వెర్షన్ తెలిసినా అది దొరకడం ఇంకో కథ. 2020 ఆగస్టులో మైక్రోసాఫ్ట్, పాత ఎస్‌హెచ్‌ఏ-1 సంతకంతో ఉన్న ఫైళ్ళని తన డౌన్‌లోడ్ సెంటర్ నుంచి తీసేసింది. ఆ సంతకం ఇక నమ్మదగ్గది కాదు, కారణం సరైనదే. కానీ వాటితో పాటు ఎక్స్‌పీ కాలపు అప్‌డేట్లు, విడిభాగాలు చాలా ఒక్క ఊపులో మాయమయ్యాయి. ఇక వెబ్ సంగతి. ఎక్స్‌పీతో వచ్చిన ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్‌కి ఇవాళ్టి సైట్లు మాట్లాడే టీఎల్ఎస్ 1.2 అనే రహస్య భాష రాదు. 2020లో పెద్ద బ్రౌజర్లన్నీ అంతకుముందు భాషల్ని వదిలేశాక, సైట్లూ వదిలేశాయి. కంప్యూటర్ బాగానే ఉంటుంది, వైరు బాగానే ఉంటుంది, అవతలివాళ్ళు తలుపు తియ్యరు.

ఈ చాకిరీ కొందరు ఊరికే చేశారు. 1994లో, డాస్‌కి రోజులు దగ్గరపడ్డాయని మైక్రోసాఫ్ట్ మాటల్లో తేలగానే, జిమ్ హాల్ అనే కాలేజీ కుర్రాడు ఫ్రీడాస్ మొదలుపెట్టాడు. అది ఇప్పటికీ నడుస్తోంది. విండోస్ 98 మీద ఎక్స్‌పీ కాలపు ప్రోగ్రాములు నడవడానికి కెర్నెల్‌ఎక్స్ అనే పొర ఒకటి తయారుచేశారు. ఫైర్‌ఫాక్స్ పవర్‌పీసీ మ్యాక్‌లని వదిలేసినప్పుడు, కామెరాన్ కైజర్ టెన్‌ఫోర్‌ఫాక్స్ పేరుతో 2010 నుంచి 2021 దాకా ఆ పాత మెషిన్లకి బ్రౌజర్ అందించాడు. పదేళ్ళకు పైగా! పెద్ద కంపెనీ టీమ్ దించేసిన బరువుని ఒక మనిషి తీరిక వేళల్లో మోశాడు.

మరి ప్రమాదం? ఉంది, తేలిగ్గా తీసుకోకూడదు. 2017 మేలో వానాక్రై అనే పురుగు ప్రపంచమంతా పాకినప్పుడు, సపోర్ట్ ఆపేసి మూడేళ్ళయిన ఎక్స్‌పీకి కూడా మైక్రోసాఫ్ట్ ప్యాచ్ ఇవ్వాల్సి వచ్చింది. ఆంధ్రప్రదేశ్ పోలీసు శాఖ కంప్యూటర్లు కొన్ని కూడా అప్పుడు దెబ్బతిన్నాయి. అయితే ప్రపంచం మొత్తం మీద వానాక్రై ఎక్కువగా పట్టింది ఎక్స్‌పీని కాదు, సమయానికి అప్‌డేట్ చేయని విండోస్ 7ని. పాతదై ఉండటం ఎంత ప్రమాదమో, పట్టించుకోకుండా వదిలేయడమూ అంతే ప్రమాదం. వైరు పీకేసిన డీటీపీ మెషిన్ ఈ లెక్కలో తెలివైన పనే చేసింది.

ఇంతకీ ఆ మెషిన్‌లో ఏముంది?

ఎక్స్‌పీ వచ్చిన 2001లోనే అడోబీ వాళ్ళ పేజ్‌మేకర్ 7.0 కూడా వచ్చింది. ఆ రెండిటి మధ్య తెలుగు అక్షరం ఎలా ఇరుక్కుందో చెప్పాలంటే పదేళ్ళు వెనక్కి పోవాలి.

1991లో రెండు పనులు జరిగాయి. భారతీయ లిపుల కోసం ఇస్కీ అనే జాతీయ ప్రమాణం వచ్చింది. యూనికోడ్ మొదటి వెర్షన్ కూడా వచ్చింది, అందులో తెలుగుకి సొంత జాగా ఉంది. అంటే కంప్యూటర్‌లో "క" అనే అక్షరానికి తనదైన నంబర్ 1991 నుంచే ఉంది. కానీ కాయితం మీద ప్రమాణం వేరు, షాపులో దొరికే సాఫ్ట్‌వేర్ వేరు. పత్రికలు, ప్రెస్‌లు రేపటికి పేజీ తయారుచేసుకోవాలి. పేజ్‌మేకర్‌కి తెలిసినవి ఇంగ్లిష్, యూరప్ అక్షరాలు. ఒక ఫాంట్‌లో రెండొందల చిల్లర గళ్ళు. మనకి హల్లులు, గుణింతాలు, ఒత్తులు కలిపితే వందల రూపాలు.

దానికి మనవాళ్ళు కనిపెట్టిన ఉపాయం తెలివైనది. అక్షరాన్ని ముక్కలు చేశారు. తలకట్టు ఒక గడిలో, గుడి ఒక గడిలో, ఒత్తులు ఇంకొన్ని గళ్ళలో. ఏ గడిలో ఇంగ్లిష్ అక్షరం ఉండాలో అక్కడ తెలుగు ముక్క కూచుంది. కీబోర్డ్ మీద ఏ మీట నొక్కితే ఏ ముక్కలు ఏ వరసలో పడాలో చూసుకునే ప్రోగ్రామ్ ఒకటి వెనకాల నడిచేది. అనూ స్క్రిప్ట్ మేనేజర్, శ్రీలిపి లాంటివి తెలుగు అచ్చులో ఇంటిపేర్లయ్యాయి. ముక్కలన్నీ పక్కపక్కన చేరి స్క్రీన్ మీద, కాయితం మీద అందమైన తెలుగు కనిపించేది.

కనిపించేది. అంతవరకే. ఫైలు లోపల తెలుగు లేదు. అందులో ఉన్నది ఇంగ్లిష్ అక్షరాలు, నెత్తిన చుక్కలున్న యూరప్ అక్షరాలు, చిత్రమైన గుర్తులు. ఆ ఫాంట్ తీసేస్తే మిగిలేది చెత్త. ఇంకో కంపెనీ ఫాంట్ పెడితే ఇంకో రకం చెత్త, ఎందుకంటే ఏ ముక్క ఏ గడిలో అన్నది ఎవరిష్టం వాళ్ళది.

2001లో ఎక్స్‌పీ గౌతమి అనే ఫాంట్‌తో వచ్చింది. తెలుగుని తెలుగుగా గుర్తించిన మొదటి విండోస్ అది. అదీ అడిగితేనే. కంట్రోల్ ప్యానెల్‌లో భాషల సెట్టింగ్స్‌కి వెళ్ళి, ఒక టిక్ పెట్టి, ఎక్స్‌పీ సీడీ పెట్టి, రీస్టార్ట్ చేస్తేనే. చెయ్యని మెషిన్లలో తెలుగు డబ్బాలు డబ్బాలుగానో, ఒత్తులు ఊడిపోయో కనిపించడం తొలినాటి తెలుగు బ్లాగర్లందరికీ గుర్తే. అదే ఎక్స్‌పీ మీద నడిచే పేజ్‌మేకర్‌కి మాత్రం యూనికోడ్ తెలుగు తెలీదు. పైగా 7.0యే దాని ఆఖరి పెద్ద వెర్షన్. 2004లో అడోబీ దాని మీద పని ఆపేసింది. దాని తర్వాతి తరం ఇన్‌డిజైన్‌లో భారతీయ లిపులకి అధికారికంగా చోటు దొరికింది 2012లో, సీఎస్6తో.

1991 నుంచి 2012. ఇరవై ఒక్క ఏళ్ళు. తెలుగులో వచ్చిన ఎన్ని నవలలు, ఎన్ని కథా సంకలనాలు, ఎన్ని కవితా సంపుటాలు, ఎన్ని పత్రికల సంచికలు ఆ మధ్యలో ఉన్నాయో మన షెల్ఫ్ చూసుకుంటే తెలుస్తుంది. వాటిలో చాలావాటి డీటీపీ ఫైలు ఈ ముక్కల భాషలోనే ఉంది. తెలుగుని నిజంగా నేర్చుకున్న మొదటి విండోస్‌ని, తెలుగు తెలియని సాఫ్ట్‌వేర్‌ని నడపడానికి మనం దాచుకున్నాం. ఎక్స్‌పీ ప్రేమ అనుకున్నది నిజానికి ఇది.

ఆ ఫైలు ఇవాళ తెరవాలంటే నాలుగు కలిసి రావాలి. పేజ్‌మేకర్ కావాలి, అది ఒప్పుకునే విండోస్ కావాలి, సరిగ్గా అదే ఫాంట్ కావాలి, ఒక్కోసారి డాంగుల్ కావాలి. డాంగుల్ అంటే కొన్న కాపీ అని రుజువుగా కంప్యూటర్ వెనక గుచ్చే చిన్న ముక్క. అప్పట్లో దాన్ని ప్రింటర్ కోసం ఉండే పెద్ద పోర్టుకి తగిలించేవాళ్ళు. ఇప్పటి కంప్యూటర్లకి ఆ పోర్టే లేదు. డాంగుల్ పాడైతే, కంపెనీ మూతపడితే? అమెరికాలో ఈ ఇబ్బంది కాపీరైట్ చట్టం దాకా వెళ్ళింది. పాడైపోయి, కాలం చెల్లిన డాంగుల్‌ని తప్పించుకుని సొంత ప్రోగ్రామ్ వాడుకోవచ్చని 2003లో అక్కడ మినహాయింపు ఇచ్చారు. కొన్నవాడికి సాఫ్ట్‌వేర్ మీద హక్కు ఉన్నా, దాన్ని నడిపే దారి పోవచ్చని చట్టం ఒప్పుకున్నట్టే.

"పీడీఎఫ్ ఉందిగా" అంటారు. పీడీఎఫ్‌లో ఫాంట్ ఇమిడి ఉంటుంది కాబట్టి పేజీ చక్కగా కనిపిస్తుంది, ప్రింట్ కూడా వస్తుంది. కానీ అందులో ఒక పదం వెతకండి, దొరకదు. ఒక వాక్యం కాపీ చేసి వాట్సాప్‌లో పెట్టండి, చెత్త వస్తుంది. ఫోన్ స్క్రీన్‌కి తగ్గట్టు సర్దుకోదు. చూపు లేని పాఠకుడికి స్క్రీన్ రీడర్ ఆ పేజీని చదివి వినిపించలేదు. మన కళ్ళకి పుస్తకం, మెషిన్‌కి బొమ్మ.

మిగిలిన దారి మార్పిడి. దీనికీ ఒక చరిత్ర ఉంది. ఈనాడు వెబ్‌సైటు చాలాకాలం తన సొంత ఫాంట్‌తో నడిచింది. ఫైర్‌ఫాక్స్ వాడేవాళ్ళకి అది చెత్తగా కనిపించేది. ఆ చెత్తని అక్కడికక్కడే యూనికోడ్‌లోకి మార్చి చూపించే పద్మ అనే ఎక్స్‌టెన్షన్ వచ్చింది. ఒక్కో ఫాంట్‌కి ఏ గడిలో ఏ ముక్క ఉందో పట్టిక రాసుకోవాలి. వరసలు కూడా సరిచెయ్యాలి, ఎందుకంటే అక్షరాన్ని ఎడమనుంచి చుట్టుకునే క్రావడి లాంటిది అచ్చులో ముందు పడినా, యూనికోడ్‌లో హల్లు తర్వాతే రావాలి. ఓపిగ్గా చేసిన గొప్ప పని అది. 2017 నవంబర్‌లో ఫైర్‌ఫాక్స్ 57 పాత పద్ధతి ఎక్స్‌టెన్షన్లన్నిటినీ ఒకేసారి తోసేసింది. పాతవాటిని చదివించే పనిముట్టే పాతబడిపోయింది.

వెతికేది ఉండటానికా, వెళ్ళిపోవడానికా

పాత సిస్టమ్‌కి సాఫ్ట్‌వేర్ వెతకడాన్ని మనం సాధారణంగా నోస్టాల్జియా ఖాతాలో వేస్తాం. పచ్చని కొండ వాల్‌పేపర్, స్టార్టప్ మ్యూజిక్, పిన్‌బాల్. అలాంటి వెతుకులాట ఉంది, దాని సరదా దానిది. కానీ ఇక్కడ ఎక్స్‌పీని కోరుకునేవాడికి ఎక్స్‌పీలో ఉండిపోవాలని లేదు. తన సామాను బయటకి తెచ్చుకోవాలని ఉంది. వెళ్ళిపోవడానికి కూడా ఆ ఇంటి తాళంచెవి ఒకసారి కావాలి. "పాతది పారేసి కొత్తది కొనుక్కో" అన్న సలహా ఇక్కడే బోల్తా కొడుతుంది. సామాను తేకముందే పారేస్తే ఇక తేవడానికి ఏమీ ఉండదు.

ఇది ఇప్పుడు చెయ్యగలిగిన పని. వర్చువల్ మెషిన్ అనేది కంప్యూటర్ లోపల ఇంకో కంప్యూటర్‌ని నటింపజేసే సాఫ్ట్‌వేర్. వర్చువల్‌బాక్స్ లాంటివి ఉచితంగానే దొరుకుతాయి. నెట్‌కి కలపకుండా, అందులో ఒక ఎక్స్‌పీని, పేజ్‌మేకర్‌ని, ఫాంట్లని కలిపి ఒకే ఫైలుగా భద్రం చేసుకోవచ్చు. అక్కడినుంచి టెక్స్ట్ బయటకి తీసి, ఆ ఫాంట్‌కి తగ్గ కన్వర్టర్‌తో యూనికోడ్ చెయ్యొచ్చు. ఆ తర్వాత ఒక మనిషి కూచుని ప్రూఫ్ చూడాలి. దానికి మాత్రం అడ్డదారి లేదు. ఇంకో దారి, పేజీని ప్రింట్ తీసి ఓసీఆర్‌తో చదివించడం. కంప్యూటర్‌లోనే ఉన్న మాటల్ని కాయితం మీదకి తీసి, మళ్ళీ కంప్యూటర్‌తోనే కళ్ళు చికిలించి చదివించడమన్నమాట. వేరే గతి లేనిచోట అదే గతి.

మైక్రోసాఫ్ట్ సిమ్‌సిటీ కోసం చేసిన పని తెలుగు పేజ్‌మేకర్ ఫైళ్ళ కోసం ఏ కంపెనీ చెయ్యదు. అక్కడ లాభం ఉంది, ఇక్కడ లేదు, అంతే. అకాడమీలు చెయ్యాలి, యూనివర్సిటీలు చెయ్యాలి, ప్రచురణకర్తలు చెయ్యాలి. వాళ్ళు చేసేదాకా ఆగే టైమ్ ఫైళ్ళకి లేదు. రాసిన సీడీలు చెరిగిపోతాయి, హార్డ్ డిస్కులు తిరగడం మానేస్తాయి, ఏ పుస్తకం ఏ ఫాంట్‌లో కట్టారో గుర్తున్న డీటీపీ ఆపరేటర్లు రిటైరవుతున్నారు. ఆ చివరిది అన్నిటికన్నా తొందరగా పోయేది.

అందుకే మీకు తెలిసిన రచయిత ఎవరైనా "నా మొదటి పుస్తకం సీడీ ఎక్కడో ఉండాలి" అంటే, వెంటనే వెతికించండి. దొరికితే ముందు ఒక కాపీ తియ్యండి. తర్వాత ఆ పేజీలు కట్టినవాళ్ళకి ఫోన్ చేసి, ఏ ఫాంట్, ఏ వెర్షన్ అని అడిగి, సీడీ కవర్ మీద పెన్నుతో రాసిపెట్టండి. ఎక్స్‌పీని ఎప్పుడు పారేయాలన్నది ఆ తర్వాత ఆలోచిద్దాం.